ఖర్కాయి యుద్ధంలో మిత్రరాజ్యం

ఖర్కాయి తీర సుందరీకరణ మండలి అధ్యక్షులు శ్రీ హరికిరణ్ గారు తమ యుద్ధ స్మృతులను సెప్టెంబరు పదిహేడో తేదీ సాయంత్రం నాలుగు గంటలకు మంత్రిగారి చేతుల మీదుగా లోకానికి అందించనున్నారని పత్రికలకు ప్రకటన వెళ్ళింది. యుద్ధం కూడా ఆ రోజే, పొద్దున్న తొమ్మిదింటికి.

ఈ వరసలో తప్పేమీ లేదు. యుద్ధం ముందు, పుస్తకం తరవాత. కాకపోతే ఆ పుస్తకం ఆగస్టులోనే అచ్చయిపోయి, అధ్యక్షులవారి ఏసీ గదిలో అట్టపెట్టెల్లో చల్లగా కూర్చుని ఉంది. ఈ చిన్న సంగతి ప్రకటనలో రాయలేదు. గొప్పవాళ్ళు అన్నీ చెప్పుకోరు.

మండలి గురించి కూడా కాస్త చెప్పాలి. ఎన్నికల్లో చేసిన సేవకి హరికిరణ్ గారికి ఒక కుర్చీ ఇవ్వాలని పార్టీలో పైవాళ్ళకి తోచింది. కుర్చీ ముందు వచ్చింది, మండలిని తరవాత దాని చుట్టూ కట్టారు. నదిని అందంగా చేస్తామంటే ఎవరూ కాదనలేరు కాబట్టి ఆ పేరు పెట్టారు. హరికిరణ్ గారు జంషెడ్‌పూర్ భాలుబాసాలో పుట్టి, చిన్నప్పుడు జెండాలు మోసి, పెద్దయ్యాక జెండాలు మోసేవాళ్ళని లారీల్లో మోయించి, స్వయంకృషితో పైకొచ్చిన మనిషి.

ఇక యుద్ధం ఎవరి మీదంటే, బడ్డీల మీద. బాగ్‌బేరాలో రైలు యార్డు గేటు దగ్గర మొదలై నది గట్టు దాకా ఇరవై రెండు బడ్డీలు వరసగా ఉన్నాయి. తాతల నాడు శ్రీకాకుళం, విజయనగరం వైపు నుంచి పని వెతుక్కుంటూ వచ్చినవాళ్ళ ఆడవాళ్ళే అన్నిటినీ నడుపుతారు. ఇడ్లీ, మినపరొట్టె, ఎండుచేపల వేపుడు, టీ. డ్యూటీ దిగినవాళ్ళూ డ్యూటీ ఎక్కబోయేవాళ్ళూ అక్కడే తింటారు. రోజంతా పట్టాల వెంట నడిచి వచ్చిన ఈ మనుషులకి సాయంత్రంపూట నడవడానికి చోటు లేదని మండలి కనిపెట్టింది. బడ్డీలు తీసేసి అక్కడ వాకింగ్ ట్రాక్ వెయ్యాలని తీర్మానించింది.

పుస్తకం రాసింది పౌల్‌రాజు మాస్టారు. అంటే అట్ట మీద పేరు హరికిరణ్ గారిది, లోపల ఇంగ్లీషు మాస్టారిది. తెలుగు పిల్లల స్కూల్లో ఆయన ముప్ఫై ఏళ్ళు ఇంగ్లీషు చెప్పారు. స్కూలు మూతబడింది. పింఛను అన్న మాటకి ఆయన స్పెల్లింగు మాత్రమే నేర్పారు, ఆ వస్తువు ఎలా ఉంటుందో చూడలేదు. హరికిరణ్ ఆయన శిష్యుడే. ఇంగ్లీషు పరీక్ష రోజున జ్వరం తెచ్చుకునే అలవాటున్న కుర్రాడు.

మాస్టారి ఇల్లు గడిచేది భార్య లూర్దమ్మ బడ్డీ మీద. వరసలో మూడోది. ఆ బడ్డీ నిలబడితే ఇంట్లో పొయ్యి వెలుగుతుంది, లేకపోతే లేదు. మాస్టారి ప్రపంచంలో ఇంతకంటే పెద్ద రాజకీయం లేదు.

జూన్‌లో ఒకరోజు హరికిరణ్ గారు మాస్టారిని ఆఫీసుకి పిలిపించి, టేబులు మీద ఒక లావుపాటి పాత పుస్తకం పెట్టారు. ఏదో పుస్తకాల సంతకి ముఖ్య అతిథిగా వెళితే బహుమతిగా ఇచ్చారట. రెండు వందల ఏళ్ళ నాడు కెప్టెన్ స్టోక్‌వెల్ అనే కంపెనీ దొర ఖర్కాయి దాటి కొల్హాన్ అడవుల మీదికి దండెత్తిన కథ, ఆయనే రాసుకున్నది.

"మాస్టారూ, బొమ్మలు చూశాను. చాలా బాగున్నాయి. ఇంతకీ ఈ దొర గెలిచాడా, ఓడాడా?"

మాస్టారు వారం రోజులు చదివి వచ్చి చెప్పారు. "ఓడాడు బాబూ. అక్కడి హో గిరిజనుల బాణాలకి తట్టుకోలేక నాలుగు రోజుల్లో వెనక్కి పారిపోయొచ్చాడు. ఒక ఏనుగునీ, తన స్నానాల తొట్టినీ అక్కడే వదిలేశాడు."

"పారిపోయానని రాసుకున్నాడా?"

"లేదు. వానలు ముదిరినందువల్ల సైన్యాన్ని మరింత అనువైన చోటికి నడిపించానని రాసుకున్నాడు."

హరికిరణ్ గారు కుర్చీలో ముందుకి వంగారు. "మరి బాణాలేసినవాళ్ళు ఏం రాసుకున్నారు?"

"వాళ్ళు రాసుకోలేదు. వానలు పడ్డాయి కదా, దుక్కులకి వెళ్ళారు."

"అరె వాహ్! ఇప్పుడు నా టేబులు మీదున్నది ఎవరి పుస్తకం?"

"దొరది."

"మరి గెలిచిందెవరు మాస్టారూ?"

ముప్ఫై ఏళ్ళ సర్వీసులో ఏ విద్యార్థీ మాస్టారిని ఇంత లోతైన ప్రశ్న అడగలేదు. జవాబు కూడా హరికిరణ్ గారే చెప్పారు, పుస్తకం ఎవరిదైతే గెలుపు వాళ్ళదని. కాబట్టి ముందు పుస్తకం రాయించేసుకుంటే యుద్ధంలో కంగారుండదని కూడా చెప్పారు. మన దేశంలో సేనానులు ఎంతమంది ఉన్నా ఈ సూక్ష్మం పట్టినవారు తక్కువ.

మాస్టారు నసిగారు. "బాబూ, ఆ వరసలో మా ఇంటావిడ బడ్డీ కూడా..."

"తెలుసు మాస్టారూ, మూడోది. నేను మరిచిపోతానా? ఈ దొర పుస్తకంలో ఎవరో రాజు ఉన్నాడన్నారే, దొరకి బియ్యం పంపి దారి చూపించినవాడు. వాడి కోట ఏం చేశాడు దొర?"

"ముట్టుకోలేదు. మిత్రరాజ్యం అని రాశాడు."

"అంతే. అమ్మగారి బడ్డీ మిత్రరాజ్యం. మిగతా ఇరవై ఒకటీ పడతాయి, అదొక్కటీ ఉంటుంది. పుస్తకంలోనే రాసేసుకోండి, మీ చేత్తోనే. ఇంతకంటే గ్యారంటీ ఏం కావాలి?"

మాస్టారు ఇంటికి నడుస్తూ దారంతా సిగ్గుపడ్డారు. నిజంగానే సిగ్గుపడ్డారు, ఎవరూ చూడకపోయినా. ఆ ఇరవై ఒక్క బడ్డీలవాళ్ళూ తనకి రోజూ నమస్కారం పెట్టేవాళ్ళే. కానీ గుమ్మంలోకి వచ్చేసరికి లూర్దమ్మ రేపటికి మినప్పప్పు నానబోస్తూ కనిపించింది. సిగ్గు అక్కడితో సర్దుకుంది.

"ఏటండీ, ఏటన్నాడు మీ సైర్మను?"

"ఇంగ్లీషు ట్యూషన్ కావాలట."

"ఇన్నాల్లకి నేర్సుకుంటన్నాడా! పోన్లెండి, బుద్దొచ్చినాది," అని లూర్దమ్మ సంతోషించింది.

అలా ట్యూషన్ మొదలైంది. మొదట మాస్టారు చూసింది చూసినట్టు రాశారు. శత్రుసేన నాయకురాలు అసిరమ్మ, మొదటి బడ్డీ యజమానురాలు, వయసు యాభై దాటింది, మోకాళ్ళ నొప్పులు, ఇడ్లీ మెత్తగా వేస్తుంది. వరసలో ఏ తగువొచ్చినా అందరూ ఆవిడ మాటే వింటారు. హరికిరణ్ గారు విని, కాగితాలు టేబులు మీద పడేశారు.

"మోకాళ్ళ నొప్పులున్న ఆడమనిషి మీద గెలిస్తే నాకేం పేరొస్తుంది మాస్టారూ? దొర అలాగే రాశాడా?"

దొర అలా రాయలేదు. తన మీద బాణాలేసినవాళ్ళు చెట్టుకొకరు ఉన్నారని రాశాడు. అన్ని చెట్లు ఆ అడవిలో లేవు.

"శత్రువుని పెంచండి. శత్రువు ఎంత ఎత్తుంటే మనం దానికంటే ఒక జానెడు ఎక్కువ."

మాస్టారు పెంచారు. జూలై చివరికి అసిరమ్మ ఆరడుగులైంది. మోకాళ్ళు బాగుపడ్డాయి. ఆవిడ వెనక రెండు వందల మంది ఉన్నారన్నది రెండు వేలై, ప్రూఫులు దిద్దేనాటికి ఐదు వేల కుటుంబాలైంది. ఆవిడ కనుసైగ చేస్తే యార్డులో ఇంజన్ ఆగిపోతుంది. జిత్తులమారి, కరకు గుండె, శత్రువుకి అన్నం పెట్టి లొంగదీసుకునే మాయావి. తొంభై ఏడో పేజీలో ఆవిడ పంపిన విందుని మన సైనికులు ఆకలితోనే తిప్పి పంపిన ఘట్టం చదివి హరికిరణ్ గారు కళ్ళు తుడుచుకున్నారు.

ఈ ఘట్టం రాసిన రోజున మాస్టారు అసిరమ్మ బడ్డీ ముందు బెంచీ మీద కూర్చుని ఆవిడని పరీక్షగా చూశారు.

"ఏటి మేస్టారూ, నన్నలగ సూత్తన్నారు? జరమేటి?" అని ఆవిడ అడక్కుండానే ఇంకో రెండు ఇడ్లీ వేసింది. "వొదినకి నడుం పట్టీసినాదంట గదా. పిండి నాను రుబ్బీసి అంపుతాను, ఇయ్యాల పొత్రం ముట్టుకోవద్దని సెప్పండి."

మాస్టారు ఇడ్లీ తిన్నారు. ఇంటికి వెళ్ళి "మాయావి" పక్కన "అపాయకరమైన" అని చేర్చారు.

యుద్ధానికి తేదీ హరికిరణ్ గారే పెట్టారు. దొర ఖర్కాయి దాటింది సెప్టెంబరు పదిహేడున. ఆ రోజు యంత్రాలకీ పనిముట్లకీ బొట్లు పెట్టి పని ఆపేసే విశ్వకర్మ పూజ అని హరికిరణ్ గారికి తెలియక కాదు. జంషెడ్‌పూర్‌లో పుట్టిన పిల్లికి కూడా తెలుసు ఆ సంగతి. తెలిసే పెట్టారు. ఊరంతా పూజల్లో ఉంటుంది, ఏ ఆఫీసులోనూ ఫిర్యాదు తీసుకునే నాథుడుండడు, పేపర్లలో ఫొటోలకి చోటుంటుంది, మంత్రిగారు ఎలాగూ పందిళ్ళు తిరగడానికి వస్తారు. అన్నీ ఆలోచించారు. బుల్డోజరు కూడా యంత్రమేనన్న ఒక్క సంగతే తట్టలేదు. ఆఫీసులో అందరికీ తట్టింది. కానీ సారు అంతటివారు పెట్టిన తేదీ, అందులో ఏదో ఎత్తుగడ ఉంటుందిలే అని ఎవరి మట్టుకి వాళ్ళు ఊరుకున్నారు.

ఆ ఉదయం హరికిరణ్ గారు జీపులో, మెడలో బైనాక్యులర్స్‌తో వేంచేశారు. పక్కన పౌల్‌రాజు మాస్టారు, ఒడిలో పుస్తకం, యుద్ధం ఎక్కడైనా దారి తప్పితే పేజీ చూసి చెప్పడానికి. సైన్యం అంటే మండలి గార్డులు ఒక డజను మంది. బుల్డోజరుని ముందు రోజు సాయంత్రమే తెచ్చి యార్డు గేటు పక్కన నిలబెట్టారు.

అది నిలబెట్టినచోటే ఉంది. కడిగి తుడిచి ఉంది. తొండానికి కుంకుమ, అద్దానికి పసుపు, చుట్టూ బంతిపూల దండలు. దాని పక్కనే పందిరి, పందిట్లో విశ్వకర్మ బొమ్మ, బొమ్మ పాదాల దగ్గర బండి తాళంచెవి.

"స్టార్ట్ చెయ్," అన్నారు హరికిరణ్ గారు, ఆపరేటర్ అప్పలరాజుతో.

"పూజైపోనాది సార్."

"మంచిదేగా. ఇంక స్టార్ట్ చెయ్."

"పూజైపోనాక ఎలగ సేత్తాను సార్? ఇయ్యాల అది మిసిను కాదు, దేవుడు. రేపు పొద్దున్న మల్లీ మిసినయిపోద్ది. అప్పుడు సెప్పండి, మీ ఇల్లయినా పడగొట్టీసెత్తాను."

"ఈ దండలు ఎవడు వేశాడు?"

"అసిరమ్మత్త ఏసినాది. మన వరసలో నిలబడున్న బండి, పూజ లేకుండా ఉంచకూడదని కొబ్బరికాయ కూడా అదే కొట్టినాది."

హరికిరణ్ గారు మాస్టారి వైపు తిరిగారు. మాస్టారు పుస్తకం తిరగేశారు. శత్రువు బుల్డోజరుకి కొబ్బరికాయ కొట్టినట్టు ఏ పేజీలోనూ లేదు.

"గడ్డపారలు తియ్యండి!" అని గర్జించారు హరికిరణ్ గారు.

గార్డుల పెద్ద చేతులు కట్టుకున్నాడు. "వో భీ పూజా మే హై, సర్. అవీ పూజలోనే ఉన్నాయి."

"లాఠీలు?"

"అవి కూడా పెట్టేశాం సార్. మాకు అవేగా పనిముట్లు."

పందిట్లో నిజంగానే లాఠీలు వరసగా, ఒక్కొక్కదానికి మూడేసి బొట్లతో పడుకుని ఉన్నాయి. వాటి పక్కన ఫొటోగ్రాఫర్ కెమెరా కూడా ఉంది. ఫోన్లో తీస్తాను సార్, క్లియర్‌గానే వస్తుంది అన్నాడు వాడు. ఖర్కాయి రణరంగంలో బొట్టు లేని ఆయుధం హరికిరణ్ గారి మెడలో బైనాక్యులర్స్ ఒక్కటే. ఆయన వాటితో శత్రుశిబిరాన్ని చూశారు. శిబిరం బాగా దగ్గర్లో ఉండడంవల్ల ఏమీ కనిపించలేదు.

ఎదురుగా వచ్చినది అసిరమ్మ. చీర కుచ్చెళ్ళు దోపుకుని, గరిటె పట్టుకుని, మోకాళ్ళు నొక్కుకుంటూ.

"రాండి బాబూ, సేతులు కడుక్కోండి. పూజ నాడు వొట్టి కడుపుల్తో నిలబడకూడదు. కిచిడీ ఏడిగున్నాది. హరీ, నువ్వు కూడా రా నాయినా. సిక్కిపోనావు, మీ ఆఫీసులో కూడెట్టరేటి?"

సైన్యం అప్పటికే వరసలో కూర్చుంది. కిచిడీ, టమాటా చట్నీ, బూందీ. లూర్దమ్మ వంకాయ వేపుడు తెచ్చి అందరి ఆకుల్లోనూ వడ్డించింది. మాస్టారు తొంభై ఏడో పేజీ మూసేశారు. కాసేపటికి హరికిరణ్ గారు కూడా జీపు దిగి, గార్డుల పెద్దని పక్కకి జరగమన్నారు. సేనాని ఆకలితో ఉంటే సైన్యం ధైర్యం చెడుతుంది కదా.

తిన్నాక సైన్యం పందిరి నీడలో నడుం వాల్చింది. హరికిరణ్ గారు మాత్రం ఏ మాత్రం దిగులుపడలేదు. "సాయంత్రం సభ బిష్టుపూర్ హాల్లో కదా మాస్టారూ. ఇక్కడికి వచ్చి చూసేదెవరు? పుస్తకంలో పడిపోయాయి. చాలదా?"

చాలేదే. కానీ రెండింటికి మంత్రిగారి పీఏ ఫోన్ చేశాడు. మంత్రిగారు దారిలో కారులో పుస్తకం చదివించుకుని విన్నారట. చాలా కదిలిపోయారట. హాలు వద్దు, యుద్ధభూమిలోనే ఆవిష్కరిస్తానంటున్నారట.

నాలుగింటికి మంత్రిగారి కార్లు బాగ్‌బేరా గట్టెక్కాయి. మంత్రిగారు దిగి, వరస అంతా ఒక చివరి నుంచి ఇంకో చివరికి చూశారు. ఇరవై రెండు బడ్డీలూ నిలబడి ఉన్నాయి. సగం వాటిలో టీ మరుగుతోంది.

"ఇవేమిటి?" అని హిందీలో అడిగారు.

"శిథిలాలు సర్," అన్నారు హరికిరణ్ గారు.

మంత్రిగారు తల ఊపారు. ఆయన ఎన్నో ప్రాజెక్టులు ప్రారంభించినవారు. ఉన్నవాటిని లేవని, లేనివాటిని ఉన్నాయని ఎంతోమంది ఆయనకి చూపించారు. ఆయన మనసు వేరే చోట ఉంది. "ఆ అసిరమ్మ ఎవరు? ఆమెని చూడాలి."

అసిరమ్మ చేతులు కొంగుకి తుడుచుకుంటూ వచ్చి నిలబడింది. ఐదడుగులకి కాస్త తక్కువ. మంత్రిగారు ఆవిడని చూశారు, పీఏ చేతిలోని పుస్తకాన్ని చూశారు, మళ్ళీ ఆవిడని చూశారు. కళ్ళు పొరబడవచ్చు గానీ అచ్చు పొరబడదని నమ్మే విద్యావంతుడాయన.

"మీ వెనక ఐదు వేల కుటుంబాలు ఉన్నాయా?"

అసిరమ్మ వెనక్కి తిరిగి చూసింది. "ఎవులు బాబూ?"

"ఎంత వినయం!" అన్నారు మంత్రిగారు పీఏతో. "మీరు సైగ చేస్తే ఇంజన్ ఆగిపోతుందట, నిజమేనా?"

"ఆగుద్ది బాబూ. టీ అయిపోనాదని సెయ్యూపితే ఆపుతారు, మరి పాపం తాగాల గదా ఆలు."

మంత్రిగారి ముఖం గంభీరమైంది. ఐదు వేల కుటుంబాలంటే ఎన్ని ఓట్లో ఆయన పెదవులు కదలకుండా లెక్క కట్టగలరు. హరికిరణ్ గారి కోసం తెచ్చిన శాలువా తీసుకుని అసిరమ్మ భుజాల మీద కప్పారు. మైకు అందుకున్నారు. ఇంతటి వీరనారి మన పార్టీలో లేకుండా బయట ఉండడం పార్టీకే అవమానం అన్నారు. ఇంత గొప్ప శత్రువుని మనకి పరిచయం చేసిన హరికిరణ్ రుణం తీర్చుకోలేనిది అన్నారు. ఈ క్షణం నుంచి ఖర్కాయి తీర సుందరీకరణ మండలికి అధ్యక్షురాలు శ్రీమతి అసిరమ్మ గారు, ముఖ్య చరిత్రకారులు శ్రీ హరికిరణ్ గారు అని ప్రకటించారు. చరిత్రకారుడికి గది ఉండదు, గౌరవం ఉంటుంది.

అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టింది హరికిరణ్ గారు. పదవిని మరింత అనువైన చేతులకి తరలించానని విలేకరులకి చెప్పారు. అంత త్వరగా అంత చక్కటి మాట దొరకడం చూసి మాస్టారికి తన శిష్యుడి మీద మొదటిసారి గర్వం కలిగింది.

ఆ సాయంత్రం బడ్డీల వరసలో పండగే పండగ. "మన అసిరమ్మొదినే సైర్మను! ఇంక మన బడ్డీల మీద ఎవుడు సెయ్యేత్తాడో సూత్తాను," అని లూర్దమ్మ ఊరికే టీ పోసింది. మాస్టారికి గుండెల మీంచి బరువు దిగింది. తను రాసిన పాపం ఒక్కటీ జరగలేదు. ఇరవై రెండూ నిలిచాయి. మూడోది కూడా. దేవుడు కరుణామయుడని ఆదివారం చర్చిలో నిండు మనసుతో పాడారు.

సోమవారం అసిరమ్మ గారు ఆయనని ఆఫీసుకి రమ్మని కబురు పెట్టారు.

ఏసీ గదిలో, పెద్ద కుర్చీలో, ఆవిడ శాలువా కప్పుకుని ఒణుకుతూ కూర్చుంది. టేబులు మీద రెండు పుస్తకాలు, హరికిరణ్ గారిదీ, దొరదీ.

"కూకోండి మేస్టారూ. ఈ కుర్సీ ఎక్కినాక మోకాల్లు మరీ పట్టీసినాయి. మంత్రిగారి పీఏ పుస్తకం అంతా నాకు హిందీలో సదివి సెప్పినాడు. మీరే రాసినారంట గదా. హరి సెప్పీసినాడు."

మాస్టారు నేల చూశారు.

"నాను జిత్తులమారినంట. కూడెట్టి లొంగదీత్తానంట."

"యుద్ధ స్మృతుల్లో అలా రాయడం మామూలేనమ్మా..."

"దానికి నాకు కోపం లేదండి. ఆ మాటలకే గదా మంత్రిగారు బయపడి ఈ కుర్సీ ఏసినారు. అది బాగున్నాది. ఇంకోటి అడుగుతాను. మిత్రరాజ్జెమని ఒకటి రాసినారు. ఇరవై ఒకటీ పడిపోతాయి, మూడో బడ్డీ ఒక్కటే ఉంటాదని. అదేటి మేస్టారూ?"

మాస్టారు టేబులు మీది రెండు పుస్తకాలనీ అంచులు కలిపి సర్దారు.

"వొదిన నడుం పట్టీత్తే నాను పిండి రుబ్బినాను," అంది అసిరమ్మ. "ఆ ఇడ్లీలు తింటానే రాసినారా, తినీసినాక రాసినారా?"

"లూర్దమ్మకి తెలియదమ్మా. దాని మీద ఒట్టు. దానికేమీ తెలియదు."

"తెలీదని నాకు తెలుసు." అసిరమ్మ కళ్ళు తుడుచుకుని, శాలువా సర్దుకుని, అధ్యక్షురాలైంది. "మంత్రిగారు రాంచీలో అందరికీ పుస్తకం పంచీసినారు. పడగొట్టినట్టు ఒక్క ఫొటో అయినా లేకపోతే బాగోదంటన్నారు. ఒక్కటి సాలంట. ఏది పడగొట్టాలో నన్నే ఎంచమన్నారు." ఆవిడ దొర పుస్తకాన్ని ముందుకి తోసింది. "ఇందులో కూడా ఒక మిత్రుడు రాజు ఉన్నాడంట గదా, దొరకి బియ్యం అంపినోడు. ఆకర్న ఆడికేటయినాది?"

మాస్టారికి ఆ చివరి అధ్యాయం తెలుసు. హరికిరణ్‌కి చెప్పలేదు, అతను అడగలేదు. "మరుసటేడు ఆ రాజ్యాన్ని కూడా కలిపేసుకున్నారమ్మా," అన్నారు.

"మరి అది కూడా పుస్తకంలో రాసిందే గదా," అంది అసిరమ్మ.

బుధవారం పొద్దున్న అప్పలరాజు మూడో బడ్డీ ముందు బండి నిలబెట్టాడు. ఆ రోజు అది యంత్రమే. ఒక్క తోపుకి రేకులు ఒరిగాయి, రెండో తోపుకి బల్ల విరిగింది. ముఖ్య చరిత్రకారుల వారు బైనాక్యులర్స్ మెడలో వేసుకుని వచ్చి, రెండో ముద్రణకి పనికొచ్చేలా నాలుగు వైపుల నుంచీ ఫొటోలు తీయించారు. అటూ ఇటూ ఇరవై ఒక్క బడ్డీలు చెక్కు చెదరలేదు. వాటిలో ఎవరూ ఆ పూట ఇడ్లీ వెయ్యలేదు.

లూర్దమ్మ పెనం మాత్రం లాక్కోగలిగింది. దాన్ని మాస్టారి చేతికిచ్చి, రోడ్డు మీద కూలబడి ఏడ్చింది. అసిరమ్మ కారు దిగి, మోకాళ్ళు పట్టుకుని ఆవిడ పక్కనే కూలబడి, ఆవిడని కావిలించుకుని ఏడ్చింది. ఇద్దరిదీ దొంగేడుపు కాదు.

"అందరియ్యీ ఉంచీసి మాదే ఎందుకొదినా? మేం ఎవులికేటి సేసినాం?"

"నానేటి సెయ్యను వొదినా. పుస్తకం అచ్చయిపోనాది."

"ఏ సచ్చినోడు రాసినాడొదినా ఆ పుస్తకం?"

అసిరమ్మ మాస్టారి వైపు చూడలేదు. "అట్ట మీద హరికిరణ్ పేరున్నాది," అంది.

లూర్దమ్మ లేచి నిలబడి, కొంగు బిగించి, పుస్తకం రాసినవాణ్ణి తిట్టడం మొదలుపెట్టింది. వాడి చేతులు పడిపోవాలంది, వాడి ఇంట పొయ్యి వెలగకూడదంది, వాడి పెళ్ళాం రోడ్డున పడాలంది. మాస్టారు పెనం పట్టుకుని పక్కనే నిలబడి, ఒక్క తిట్టు కూడా పోనివ్వకుండా విన్నారు.